ఒప్పుకున్న బిల్లుకు ఒక దారి, కొలవని పనికి మరో దారి

ప్రశ్న: మాది దేవరకొండ డివిజన్‌లో ఒక తండా. నేను చిన్న కాంట్రాక్టర్‌ను. పంచాయతీరాజ్ శాఖ తరఫున పక్క ఊళ్లో సీసీ రోడ్డు, మురుగు కాలువ పని తీసుకుని 2023 ఫిబ్రవరిలో పూర్తి చేశాను. 14,60,000 రూపాయల బిల్లు ఎంబీలో (కొలతల పుస్తకంలో) ఎక్కింది, పై ఇంజనీరు సరిచూసే చెక్ మెజర్‌మెంట్ అయింది, చెల్లింపు వరుసలో టోకెన్ పడింది, డబ్బు మాత్రం రాలేదు. అదే ఏడాది వేసవిలో ప్రభుత్వ బడులను బాగుచేసే 'మన ఊరు – మన బడి' పథకం కింద ఊరి బడికి మరమ్మతులు చేశాను. ఆ డిసెంబరులో 2,00,000 వచ్చాయి, ఇంకా 3,20,000 రావాలి. ఏఈ (అసిస్టెంట్ ఇంజనీరు) గారు నోటిమాటగా చెబితే బడి ప్రహరీ గోడ కూడా కట్టాను. దానికి నాకు 1,80,000 దాకా ఖర్చయింది, ఇంతవరకు ఎవరూ కొలవలేదు. నూటికి రెండు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చాను, ఇంట్లో బంగారం బ్యాంకులో ఉంది, పాలమూరు నుంచి వచ్చిన గుంపు మేస్త్రీకి ఇంకా బాకీ ఉన్నాను. అడిగితే "అది పాత ప్రభుత్వం బిల్లు" అంటున్నారు. హైకోర్టుకు వెళ్తే డబ్బు వస్తుందా? కేసు వేస్తే ఇక పనులు ఇవ్వరంటున్నారు, నిజమేనా? పర్సంటేజీ ఇస్తే ఇప్పిస్తానని ఒకాయన తిరుగుతున్నాడు. నాలాంటి వాళ్లం ఏడుగురం ఉన్నాం, అందరం కలిసి ఒకటే కేసు వేయవచ్చా?

సమాధానం: మీకు రావలసిన మొత్తం 19,60,000 రూపాయలను మీరు ఒకే బాకీగా చూస్తున్నారు గాని, న్యాయస్థానం దృష్టిలో అవి మూడు వేర్వేరు బాకీలు. రోడ్డు పనిని ప్రభుత్వమే కొలిచి, తన పుస్తకంలో రాసుకుని, చెల్లింపునకు పంపింది కాబట్టి అది ఒప్పుకున్న బాకీ. బడి మరమ్మతుల్లో కొంత చెల్లించి కొంత ఆపారు కాబట్టి అది సగం ఒప్పుకున్న బాకీ. ప్రహరీ గోడ మాత్రం ఊరందరి కళ్ల ముందు నిలబడి ఉన్నా, ఏ కాగితంలోనూ లేదు. ఈ మూడింటినీ ఒకే పిటిషన్‌లో పెడితే, గోడ గురించి అడిగే ప్రశ్నలకు మీ దగ్గర జవాబు లేక, ఏ పేచీ లేని రోడ్డు బిల్లు కూడా దానితోపాటు వెనక్కి పోతుంది. అందువల్ల వాటిని విడదీసి చూద్దాం.

ముందుగా రోడ్డు బిల్లు. రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేసి, బిల్లు చెల్లించేలా అధికారులను ఆదేశించమని కోరవచ్చు. ఒప్పందం నుంచి పుట్టిన బాకీకి రిట్ పనికిరాదని, సివిల్ దావాయే వేసుకోవాలని ప్రభుత్వ న్యాయవాదులు వాదించడం మామూలే. అయితే ఒప్పందాల విషయంలోనూ ప్రభుత్వం న్యాయంగా నడుచుకోవలసిందేనని, డబ్బు బాకీ అన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసిపుచ్చనవసరం లేదని సుప్రీంకోర్టు 2003లో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో స్పష్టం చేసింది. సాక్షులను విచారిస్తే తప్ప తేలని తగాదా ఉన్నప్పుడు మాత్రం హైకోర్టు సాధారణంగా సివిల్ కోర్టుకు వెళ్లమంటుంది. మీ రోడ్డు విషయంలో పని జరిగిందా, ఎంత జరిగింది, నాణ్యత ఎలా ఉంది అన్న ప్రశ్నలన్నిటికీ ఇంజనీర్ల సంతకాలే జవాబు చెబుతున్నాయి. మిగిలింది నిధుల విడుదల ఒక్కటే. నిధులు లేకపోవడం చెల్లింపు ఆలస్యానికి కారణమవుతుందేమో గాని, దానివల్ల బాకీ రద్దు కాదు. 2021 అక్టోబరులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, అంతకుముందరి ప్రభుత్వ హయాంలో జరిగిన ఉపాధి హామీ పనుల బిల్లులను 12 శాతం వడ్డీతో చెల్లించమని ఆదేశించింది. ఆ తీర్పుకు మన తెలంగాణ హైకోర్టు కట్టుబడి ఉండనవసరం లేకపోయినా, పరిస్థితి మీ పరిస్థితి వంటిదే కాబట్టి మీ న్యాయవాది దాన్ని చూపవచ్చు.

"పాత ప్రభుత్వం బిల్లు" అన్న మాటకు చట్టంలో విలువ లేదు. మీ ఒప్పందం ఒక పార్టీతోనో ఒక ముఖ్యమంత్రితోనో జరగలేదు. రాజ్యాంగం 300వ అధికరణం ప్రకారం దావా వేసేదీ, దావాకు జవాబు చెప్పేదీ రాష్ట్రమే. ఎన్నికల్లో ఎవరు గెలిచినా ఆ రాష్ట్రం అదే.

అయితే రిట్ వేసినంత మాత్రాన డబ్బు చేతికి వస్తుందని మాత్రం అనుకోవద్దు. ఇలాంటి కేసుల్లో తరచుగా వచ్చే ఉత్తర్వు, మీ వినతిని పరిశీలించి ఇన్ని వారాల్లో నిర్ణయం తీసుకోమనో, ఇన్ని వారాల్లో చెల్లించమనో ఉంటుంది. ఈ రెండింటికీ చాలా తేడా ఉంది. మొదటి రకం ఉత్తర్వు వస్తే, "పరిశీలించాం, నిధులు రాగానే వరుస క్రమంలో చెల్లిస్తాం" అని ఒక కాగితం మీ చేతిలో పెట్టి అధికారులు ఉత్తర్వును పాటించినట్లే చూపుకోగలరు. కాబట్టి పరిశీలనతో సరిపెట్టకుండా చెల్లింపునకే గడువు విధించమని పిటిషన్‌లోనే కోరాలని మీ న్యాయవాదికి గట్టిగా చెప్పండి. గడువు దాటినా చెల్లించకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ వేయవచ్చు. దానికి ధిక్కారం జరిగిన నాటి నుంచి ఒక సంవత్సరమే గడువు. నేడో రేపో ఇస్తారని ఎదురుచూస్తూ ఆ ఏడాదిని పోగొట్టుకున్న వాళ్లను నేను చూశాను.

ఇప్పుడు మీ లేఖలో నన్ను అన్నిటికంటే కలవరపెట్టిన విషయానికి వస్తాను. మీరు దాన్ని అడగనేలేదు. చేసిన పనికి డబ్బు రాబట్టుకోవడానికి, చెల్లింపు తేదీ ఒప్పందంలో లేనప్పుడు, పని పూర్తయిన నాటి నుంచి మూడేళ్లలో దావా వేయాలని 1963 నాటి కాలపరిమితి చట్టం 18వ ఆర్టికల్ చెబుతుంది. మీ రోడ్డు 2023 ఫిబ్రవరిలో పూర్తయింది కాబట్టి 2026 ఫిబ్రవరితో ఆ గడువు ముగుస్తుంది. మీ లేఖ నాకు చేరేసరికి నాలుగు నెలలే మిగిలి ఉంది. ఆన్‌లైన్‌లో టోకెన్ కనబడుతోంది కదా, బాకీ ఎక్కడికి పోతుందన్న ధీమా మన ప్రాంతపు కాంట్రాక్టర్లలో చాలామందికి ఉంది. టోకెన్ అన్నది బిల్లు వరుసలో ఉందని చెప్పే నంబరు మాత్రమే, అది కాలాన్ని ఆపదు. రిట్‌కు ఇంత కాలంలో వేయాలన్న లెక్క చట్టంలో లేకపోయినా, దావా గడువు దాటిపోయాక వచ్చిన రిట్‌ను హైకోర్టు అంత సుముఖంగా చూడదు.

ఈ గడువును న్యాయంగా పొడిగించుకునే మార్గం ఆ చట్టంలోనే ఉంది. గడువు ముగియకముందే, బాకీ ఉన్నట్లు ఎదుటి పక్షం సంతకంతో రాసి ఇస్తే, 18వ సెక్షన్ ప్రకారం ఆ సంతకం తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు లెక్కకు వస్తాయి. (18వ ఆర్టికల్, 18వ సెక్షన్ ఒకే చట్టంలో రెండు వేర్వేరు చోట్ల ఉంటాయి. ఒకటి గడువు పెడితే మరొకటి పొడిగిస్తుంది. న్యాయవాదితో మాట్లాడేటప్పుడు ఈ రెండింటినీ కలిపేయకండి.) కాబట్టి ఈ వారంలోనే ఎగ్జిక్యూటివ్ ఇంజనీరుకు ఒక వినతిపత్రం రాయండి. ఒప్పందం నంబరు, పని పేరు, ఎంబీ నంబరు, పేజీలు, బిల్లు మొత్తం, టోకెన్ నంబరు, తేదీ వేసి, ఈ మొత్తం నాకు చెల్లించవలసి ఉందా, ఉంటే ఎందుకు ఆగింది అని అడగండి. స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్‌తో, చేరినట్లు రుజువు వచ్చేలా పంపి, ఒక ప్రతిని కార్యాలయపు ఇన్‌వార్డ్‌లో ఇచ్చి ముద్ర వేయించుకోండి. "బిల్లు పాస్ అయింది, బడ్జెట్ విడుదల కాక పెండింగ్‌లో ఉంది" అని ఆయన సంతకంతో రెండు వాక్యాల జవాబు వస్తే, మీ ఫైలు మొత్తంలో దానికంటే విలువైన కాగితం మరొకటి ఉండదు.

ఆయన జవాబు ఇవ్వకపోవచ్చు. అందుకే అదే రోజు సమాచార హక్కు చట్టం కింద పది రూపాయల ఫీజుతో ఒక దరఖాస్తు కూడా పెట్టండి. ఎంబీలో మీ పనికి సంబంధించిన పేజీల ధ్రువీకృత ప్రతులు, చెక్ మెజర్‌మెంట్ నమోదు, బిల్లును పే అండ్ అకౌంట్స్ కార్యాలయానికి పంపిన తేదీ అడగండి. దానితోపాటు ఆ పద్దు కింద మీ టోకెన్ తర్వాత టోకెన్ పడి చెల్లింపు జరిగిన బిల్లుల జాబితా కూడా కోరండి. ముప్పై రోజుల్లో సమాచారం ఇవ్వాలి, ఇవ్వకపోతే మొదటి అప్పీలు వేయవచ్చు. ఆ చివరి జాబితా ఎందుకంటే, మీకంటే వెనుక వరుసలో ఉన్నవారికి ముందు చెల్లించినట్లు తేలితే, నిధులు లేవన్న వాదన అక్కడితో బలహీనపడుతుంది. అప్పుడు 14వ అధికరణం హామీ ఇచ్చిన సమానత్వం ఉల్లంఘన కిందికి మీ ఫిర్యాదు వస్తుంది, రిట్ బలం రెట్టింపవుతుంది.

జవాబులు వచ్చినా రాకపోయినా 2026 జనవరి దాటకుండా రోడ్డు బిల్లు రిట్ దాఖలు కావాలి. ఎంబీ పేజీల ఫొటోలు మీ ఫోన్‌లో ఉన్నా సరే, ధ్రువీకృత ప్రతులే తెచ్చుకోండి. అరిగిపోయిన కార్బన్ అంకెలను జిరాక్సు తీసి కోర్టు ముందు పెట్టిన ఒక కేసులో, 4 అంకె 9లా కనబడి వాయిదాలు వాయిదాలుగా నడవడం చూశాను.

బడి మరమ్మతుల సంగతి కొంచెం చిక్కు. 2022 మార్చిలో వనపర్తిలో మొదలైన ఆ పథకం కింద పనులు పాఠశాల యాజమాన్య కమిటీల ద్వారా నడిచాయి. 2024లో బడి పనుల కోసం అమ్మ ఆదర్శ పాఠశాల కమిటీలు వచ్చాయి. అందువల్ల "ఆ కమిటీ ఇప్పుడు లేదు, మమ్మల్ని అడగవద్దు" అన్న జవాబు మీకు ప్రధానోపాధ్యాయుల నుంచి ఎదురుకావచ్చు. మీ ఒప్పంద పత్రం మీద ఎవరు సంతకం చేశారో, 2,00,000 ఏ ఖాతా నుంచి వచ్చాయో ముందు చూడండి. ఆ చెల్లింపు మీకు మరో విధంగా కూడా ఉపయోగపడుతుంది. గడువు లోపల బాకీలో కొంత చెల్లించి, ఆ చెల్లింపు జరిపినవారి సంతకంతో లిఖితపూర్వక ఆధారం ఉంటే, కాలపరిమితి చట్టం 19వ సెక్షన్ ప్రకారం చెల్లింపు తేదీ నుంచి కొత్తగా మూడేళ్లు మొదలవుతాయి. బ్యాంకు స్టేట్‌మెంట్ ఒక్కటే చాలదు, చెల్లింపు ఉత్తర్వు ప్రతి సంపాదించండి. మిగిలిన 3,20,000కు కొలతలు నమోదై ఉంటే దానికి కూడా వేరుగా రిట్ వేయవచ్చు. నమోదు కాలేదంటే గోడతో కలిపి సివిల్ దావాయే దారి.

ఆ దావాకు ముందు రెండు మెట్లు ఎక్కాలి. ప్రభుత్వం మీద దావాకు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద సంబంధిత శాఖ కార్యదర్శికి గాని జిల్లా కలెక్టరుకు గాని నోటీసు ఇచ్చి రెండు నెలలు ఆగాలి. ఈ రెండు నెలలను మూడేళ్ల గడువులోంచి మినహాయిస్తారు కాబట్టి భయం లేదు. రెండవది, నిర్మాణ ఒప్పందాల తగాదా విలువ 3,00,000 రూపాయలు, ఆపైన ఉంటే అది వాణిజ్య దావా కిందికి వస్తుంది. అత్యవసర ఉపశమనం కోరని పక్షంలో అలాంటి దావాకు ముందు జిల్లా న్యాయ సేవాధికార సంస్థ దగ్గర మధ్యవర్తిత్వానికి వెళ్లి తీరాలని 2022లో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ మెట్టు ఎక్కకుండా వేసిన దావాను గుణదోషాలు చూడకుండానే తిరస్కరిస్తారు. మీ ఒప్పందంలో వివాదాల పరిష్కారం అన్న షరతును కూడా చదవండి. మన ఇంజనీరింగ్ శాఖల ఒప్పందాల్లో చాలావాటిలో 50,000 రూపాయలకు మించిన తగాదా ఆర్బిట్రేషన్‌కు (కోర్టు బయట మధ్యవర్తి ఇచ్చే తీర్పుకు) పోకుండా సివిల్ కోర్టుకే వెళ్లాలని ఉంటుంది. కోర్టు ఫీజు దావా మొత్తాన్ని బట్టి కట్టాలి. దావా గెలిచి డిక్రీ (కోర్టు తీర్పు ఉత్తర్వు) వచ్చాక కూడా ప్రభుత్వానికి మూడు నెలల సమయం ఇచ్చిన తర్వాతే అమలుకు వెళ్లగలరు. ఆర్డీవో కార్యాలయంలో కుర్చీలు, జీపు జప్తు చేశారని పత్రికల్లో చదివే ఉంటారు. అవి ఎక్కువగా భూసేకరణ పరిహారం కేసులే అయినా, డిక్రీ అమలు పద్ధతి ఇక్కడా అదే.

గోడ విషయంలో మీరు ఆశ వదులుకోనవసరం లేదు, కాని పద్ధతి తెలియాలి. ప్రభుత్వం తరఫున ఒప్పందం గవర్నరు పేరిట, అధికారం ఉన్నవారి సంతకంతో లిఖితపూర్వకంగా ఉండాలని 299వ అధికరణం చెబుతుంది. ఏఈ గారి నోటిమాట ఆ కొలబద్దకు నిలవదు. అయితే ఉచితంగా చేయాలన్న ఉద్దేశం లేకుండా, చట్టబద్ధంగా ఒకరు మరొకరి కోసం పని చేసి, ఆ రెండోవారు దాని ప్రయోజనం అనుభవిస్తే, తగిన ప్రతిఫలం ఇవ్వవలసిందేనని 1872 నాటి కాంట్రాక్టు చట్టం 70వ సెక్షన్‌లో ఉంది. స్వాతంత్ర్యానికి ముందు బెంగాల్‌లో ఒక కాంట్రాక్టు సంస్థ అధికారుల కోరిక మీద గిడ్డంగులు, మట్టి రోడ్డు వంటివి కట్టింది. ప్రభుత్వం వాటిని వాడుకుంటూనే, సరైన ఒప్పందం లేదు కాబట్టి డబ్బు ఇవ్వనంది. బి.కె. మండల్ కేసుగా పేరుపడిన ఆ వివాదంలో సుప్రీంకోర్టు ఈ 70వ సెక్షన్ కిందనే చెల్లింపును సమర్థించింది. మీ గోడకూ ఆ సూత్రమే ఆధారం. అయితే పని జరిగిందనీ, అడిగితేనే చేశారనీ, బడి దాన్ని వాడుకుంటోందనీ మీరే రుజువు చేయాలి. సిమెంటు, ఇటుకల బిల్లులు, పని సాగుతున్నప్పటి ఫొటోలు, ఏఈ గారితో వాట్సాప్‌లో జరిగిన సంభాషణ, గుంపు మేస్త్రీ సాక్ష్యం జాగ్రత్త చేసుకోండి. అవసరమైతే గోడను కొలవడానికి, కోర్టు తరఫున వచ్చి చూసే అడ్వకేట్ కమిషనరును నియమించమని కోర్టును అడగవచ్చు. మీరు పెట్టిన ఖర్చంతా ఇస్తారనుకోవద్దు, ఆ నాటి ప్రభుత్వ ధరల పట్టిక చూసి తగిన మొత్తం ఎంతో తేలుస్తారు.

వడ్డీ గురించి ఒక మాట. మీరు బయట కడుతున్న రెండు రూపాయల వడ్డీని ప్రభుత్వం నుంచి యథాతథంగా రాబట్టలేరు. చెల్లింపు తేదీ నిర్ణయమై లేని బాకీకి, వడ్డీ అడుగుతున్నానని లిఖితపూర్వకంగా నోటీసు ఇచ్చిన నాటి నుంచి వడ్డీ కోరవచ్చని 1978 నాటి వడ్డీ చట్టం అంటుంది. కాబట్టి ఈ వారం రాసే వినతిలోనే వడ్డీ కూడా చెల్లించాలని ఒక వాక్యం చేర్చండి. ఆలస్యమైన బిల్లుకు వడ్డీ ఉండదని ఒప్పందంలో షరతు ఉంటే అది మీకు అడ్డు వస్తుంది, దాన్ని ముందే చూసుకోండి. సగమో ముప్పావో ఇస్తాం, ఇక బాకీ లేదని సంతకం పెట్టమంటే, న్యాయవాదికి చూపకుండా పెట్టకండి. ఉద్యం (చిన్న సంస్థల) రిజిస్ట్రేషన్ ఉంటే చిన్న పరిశ్రమల చట్టం కింద 45 రోజుల్లో చెల్లించాలన్న నిబంధన వాడుకోవచ్చని మీకు ఎవరైనా చెబుతారు. నిర్మాణ పనుల కాంట్రాక్టులకు ఆ చట్టం వర్తించదని చెప్పిన హైకోర్టు తీర్పులున్నాయి కనుక, మిగిలిన కొద్ది నెలలను దాని మీద ఖర్చు పెట్టమని నేను సలహా ఇవ్వను.

కేసు వేస్తే పనులు ఇవ్వరన్న భయం పూర్తిగా అబద్ధమని చెప్పలేను. టెండరు లేకుండా నామినేషన్ మీద ఇచ్చే చిన్న పనుల్లో మొహం చాటేసే అధికారులు ఉంటారు, దానికి కోర్టులో మందు లేదు. టెండరు పనుల్లో మాత్రం మీరు బాకీ అడిగారన్న కారణంతో మిమ్మల్ని పక్కన పెట్టలేరు. నోటీసు ఇచ్చి, చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా ఎవరినీ బ్లాక్‌లిస్టులో పెట్టకూడదని 1974లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అయినా దాదాపు మూడేళ్లుగా 14,60,000 ఇవ్వని చోట మరో పని దొరికితే అది లాభమో, మరో అప్పో మీరే ఆలోచించండి.

పర్సంటేజీ మనిషికి దూరంగా ఉండండి. 2018 సవరణ తర్వాత లంచం ఇచ్చినవారు కూడా అవినీతి నిరోధక చట్టం కింద నేరస్థులే. బలవంతం మీద ఇవ్వవలసి వస్తే ఏడు రోజుల్లో ఫిర్యాదు చేసినవారికే రక్షణ ఉంది. ఎవరైనా ఉద్యోగి నేరుగా అడిగితే అవినీతి నిరోధక శాఖ (ఏసీబీ) ఉచిత నంబరు 1064కు చెప్పండి. గుంపు మేస్త్రీ బాకీని మాత్రం ప్రభుత్వ బిల్లుతో ముడిపెట్టకండి. ఆయన కూలీల పట్ల బాధ్యత మీదే, పైగా గోడ కేసులో మీకు ముఖ్యమైన సాక్షి ఆయనే.

ఏడుగురి ఒప్పందాలు, కొలతలు, తేదీలు వేరు కాబట్టి ఏడు పిటిషన్లు వేయాలి. అయితే ఒకే న్యాయవాదిని పెట్టుకుని ఒకేసారి దాఖలు చేస్తే, ఒకే రకం ప్రశ్న కనుక వాటిని కలిపి వినమని కోరవచ్చు. ఖర్చు తగ్గుతుంది, వరుస క్రమం తప్పి చెల్లించారన్న వాదనకు ఒకరి కాగితం మరొకరికి తోడవుతుంది. మీలో ఎవరైనా పని ఒకరు చేసి, లైసెన్సు, ఒప్పందం బావమరిది పేరో స్నేహితుడి పేరో పెట్టి ఉంటే, పిటిషన్ ఒప్పందంలో పేరున్న మనిషే వేయాలి. మీరు తండా నుంచి రాశానన్నారు. షెడ్యూల్డ్ తెగలవారికి ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం పొందే హక్కు 1987 నాటి న్యాయ సేవాధికార సంస్థల చట్టంలో ఉంది. నల్లగొండలోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో దరఖాస్తు ఇవ్వండి, హైకోర్టు కేసుకు హైకోర్టు న్యాయ సేవల కమిటీకి ఎలా వెళ్లాలో వారే చెబుతారు. వెళ్లేటప్పుడు ఒప్పందాల అసలు ప్రతులు ఇంట్లోనే ఉంచి నకళ్లు తీసుకెళ్లండి, ఇన్‌వార్డ్ ముద్ర పడిన వినతిపత్రం ప్రతిని మాత్రం మరచిపోకండి.